మనసు విప్పించిన రేడియో డాక్టరు

ప్రశ్న: బీబీసీ రేడియోలో ప్రముఖుల మనసులో మాట రాబట్టిన ఐర్లాండ్ డాక్టరు ఎవరండీ? ఆయన సైకాలజిస్టా?
– ఓ పాఠకురాలు

జవాబు: మీరు అడుగుతున్నది ఆంథనీ క్లేర్ గురించేనమ్మా. సైకాలజిస్టు కాదు, సైకియాట్రిస్టు, అంటే ఎంబీబీఎస్ లాంటి వైద్యం చదివాకే మానసిక వైద్యంలోకి వచ్చిన మనిషి. 1942లో డబ్లిన్‌లో పుట్టారు, కాలేజీలో డిబేట్లలో దిట్ట, లండన్ మాడ్స్‌లీ ఆసుపత్రిలో శిక్షణ పొందారు. 1982లో బీబీసీ రేడియో 4లో 'ఇన్ ద సైకియాట్రిస్ట్స్ చెయిర్' మొదలుపెట్టి దాదాపు ఇరవయ్యేళ్లు నడిపారు. గొంతు పెంచరు, నిలదీయరు, చిన్నప్పటి సంగతులు మెల్లగా అడుగుతూ పోతారు, నాకు ఆయనలో నచ్చేది ఆ ఓపికే.

1991లో టీవీ స్టార్ జిమ్మీ శావిల్‌ని ఇంటర్వ్యూ చేశారు. జనం దేవుడిలా చూసే ఆ మనిషిలో ఒళ్లు జలదరించేదేదో ఉందని తర్వాత రాశారు కూడా. శావిల్ చేసిన లైంగిక దాడులు అందరికీ తెలిసింది 2012లో, అప్పటికి ఇద్దరూ లేరు!

ఇంత పేరొచ్చినా రోగుల్ని వదల్లేదు. 1989లో డబ్లిన్ తిరిగొచ్చి, రచయిత జోనథన్ స్విఫ్ట్ రాసిచ్చిన ఆస్తితో పుట్టిన సెయింట్ పాట్రిక్స్ మానసిక ఆసుపత్రికి మెడికల్ డైరెక్టరయ్యారు. 2007లో పారిస్‌లో హఠాత్తుగా చనిపోయారు, అరవై నాలుగేళ్లకే.