చైనా ఆడవాళ్ళ గురించి రాయబోయే ముందు: ఒక యువ రచయిత్రికి లేఖ

ప్రియమైన శ్రావణీ,

నువ్వు పంపిన మూడు భాగాలూ చదివాను. వాక్యం బాగా నడుస్తోంది, దాని గురించి నేను చెప్పేదేం లేదు. నా పేచీ అంతా నీ ఆధారాలతోనే. అందుకే ఫోన్లో కాకుండా ఇలా తీరిగ్గా రాస్తున్నాను.

మొదటి భాగం కట్టేసిన పాదాలతో, అంటే పాదాలు చిన్నవిగా ఉండాలని ఆడపిల్లలకి పసితనంలోనే గుడ్డతో బిగించి కట్టే పాత ఆచారంతో మొదలుపెట్టావు. విరిగిన ఎముకలు, రక్తం, పసిపిల్ల ఏడుపు. చదివినవాళ్ళు "అయ్యో" అంటారు. నీ మిగతా పేజీలన్నీ ఆ అయ్యోలోనే చదివేస్తారు, ఇక ఏ ప్రశ్నా వెయ్యరు. మన పాఠకుల మనసులో చైనా స్త్రీ బొమ్మలు ఇప్పటికే రెండున్నాయి. ఒకటి ఈ పాదాల బొమ్మ. రెండోది యాంగ్ మో 'ఉదయగీతిక' చదివిన తరం దాచుకున్నది, ఇల్లు విడిచి ఉద్యమంలోకి వెళ్ళిన చదువుకున్న అమ్మాయి. నీ వ్యాసం మొదటి బొమ్మ దగ్గర బయల్దేరి నేరుగా రెండోదాని దగ్గరికి వెళ్ళిపోయింది. దారిలో ఉన్న కోట్లమంది నీకు తగల్లేదు.

అసలు ఆ అయ్యో మనదాకా ఎలా వచ్చిందో చూడు. 19వ శతాబ్దం చివర్లో మిషనరీలు, వాళ్ళతోపాటు చైనా సంస్కర్తలు ఈ ఆచారం మీద తెగ రాశారు. మంచిపనే. కానీ సంస్కర్తలకు ఇంకో బాధ కూడా ఉంది: దేశం యుద్ధాల్లో ఓడిపోతోంది, దానికి కారణం చూపించాలి. వాళ్ళలో ఒకడైన లియాంగ్ చిచావ్ అప్పట్లో స్త్రీల చదువు గురించి రాస్తూ, దేశంలోని ఇరవై కోట్లమంది ఆడవాళ్ళూ కూర్చుని తినేవాళ్ళే తప్ప ఉత్పత్తి చేసేవాళ్ళు కారని తేల్చేశాడు. నువ్వు ఆయన్ని నమ్మి "నాలుగు గోడల మధ్య పనీపాటా లేకుండా" అని రాశావు. ఆ వాక్యం ముందు కొట్టెయ్.

ఎందుకో చెప్తాను. లారెల్ బోసెన్, హిల్ గేట్స్ అనే ఇద్దరు మానవశాస్త్రజ్ఞులు చైనా పల్లెల్లో 1,800 మందికి పైగా ముసలమ్మలతో జరిపిన ఇంటర్వ్యూల ఆధారంగా 2017లో ఒక పుస్తకం తెచ్చారు. మీ కాళ్ళు కట్టారా అన్న ప్రశ్నతో వాళ్ళు ఆగలేదు. చిన్నప్పుడు మీ చేతులు ఏం పని చేసేవి అని కూడా అడిగారు. నూలు వడకడం, బట్ట నెయ్యడం లాంటి పనులు వరసగా బయటికొచ్చాయి. ఆరేడేళ్ళ పిల్లకి ఆటల మీద ధ్యాస ఉంటుంది, రాట్నం ముందు గంటలకొద్దీ కూర్చోమంటే కూర్చోదు. ఆ పిల్ల వడికే నూలు మీదే ఇంటిల్లిపాదికీ బట్ట, అమ్ముకుంటే నాలుగు డబ్బులు. కాళ్ళు కట్టడం పిల్లని ఆ పనిలో కూర్చోబెట్టే పద్ధతి కూడా అని వాళ్ళ వాదన. మిల్లు నూలు, మిల్లు బట్ట చవగ్గా వచ్చి ఇంట్లో రాట్నం మూలపడ్డాక ఆ ఆచారం కూడా తగ్గుతూ వచ్చిందంటారు.

ఈ వాదన ఒక్కటే పట్టుకుని వ్యాసమంతా లాగెయ్యకు. చరిత్రకారిణి డొరొతీ కో 2005లో రాసిన పుస్తకం పక్కన పెట్టుకో. ఆవిడ చెప్పులు చూస్తుంది: ఆ చిన్న చెప్పుల మీద ఆడవాళ్ళు కుట్టిన పువ్వులు, మారుతూ వచ్చిన ఫ్యాషన్లు, తల్లి కూతురికి నేర్పిన పనితనం. ఆ ఆచారాన్ని ఆవిడ వెనకేసుకురావడం లేదు, అది గుర్తుంచుకో. దాన్ని నిషేధించిన తీరు కూడా చూడమంటోంది. 1912లో గణతంత్ర ప్రభుత్వం నిషేధించింది. తర్వాత యాన్ షీషాన్ అనే సైనికాధిపతి ఏలుబడిలో షన్షీలో తనిఖీవాళ్ళు తిరిగి జరిమానాలు వేశారు. నలభై ఏళ్ళావిడ పాదం అప్పటికే ఆ ఆకారంలో గట్టిపడిపోయింది, గుడ్డ విప్పితే నడవడం ఇంకా కష్టం. చిన్నప్పుడు కట్టకపోతే సిగ్గన్నారు, పెద్దయ్యాక కట్టి ఉంటే సిగ్గన్నారు. ఈ రెండు సిగ్గులూ మోసిన ఆవిడ గురించి నీ వ్యాసంలో ఒక్క ముక్క లేదు. పైగా "చైనా స్త్రీలందరూ" అన్నావు. అప్పట్లో చైనాను ఏలిన మంచూ జాతి ఆడవాళ్ళు కట్టుకోలేదు. దక్షిణాది హక్కా ఆడవాళ్ళు కట్టుకోలేదు, పొలాల్లో మోకాళ్ళదాకా దిగి పనిచేశారు. "చైనా స్త్రీ" అని రాసిన ప్రతిచోటా ఆగి ఏ శతాబ్దం, ఏ రాష్ట్రం, ఏ పాటి ఇల్లు అని ప్రశ్న వేసుకో. (షన్షీ, షాన్‌షీ పక్కపక్కనే ఉన్న రెండు వేరు రాష్ట్రాలు. నీ ప్రతిలో రెండూ ఒకటైపోయాయి.)

రెండో భాగంలో వితంతువుల రాతి తోరణాల గురించి రాసింది బాగుంది, కానీ సగమే. చింగ్ రాజవంశం (1644–1912) కాలంలో ముప్పై లోపు భర్త పోయి, యాభై దాటేదాకా మళ్ళీ పెళ్ళి చేసుకోని ఆడదాన్ని ప్రభుత్వం గౌరవించేది, తోరణానికి 30 తైల్‌ల వెండి ఇచ్చేది. స్థానిక చరిత్ర గ్రంథాల్లో అలాంటివాళ్ళ జాబితాలు పేజీలకు పేజీలు ఉంటాయి. చాలామందికి సొంత పేరుండదు, పుట్టింటి ఇంటిపేరు, మొగుడి పేరు, అంతే. ఆ జాబితాలు చూసి దేశమంతా అలాగే బతికిందనుకోవడం సులువు. చరిత్రకారుడు మాథ్యూ సోమర్ ఏం చేశాడంటే కోర్టు కాగితాలు తీశాడు, చోంగ్‌చింగ్ దగ్గర బా కౌంటీ దస్తావేజులతో సహా. అందులో తిండికి లేక మొగుడే పెళ్ళాన్ని ఇంకొకడికి అమ్మిన కేసులున్నాయి, ఆవిడ ఒప్పుకునే వెళ్ళిన కేసులు కూడా. విధవరాలు మళ్ళీ పెళ్ళి చేసుకుంటే భర్త ఆస్తి మీద హక్కు పోతుంది, ఒంటరిగా ఉంటే భూమి ఆవిడ చేతిలో ఉంటుంది. అందుకని ఆవిణ్ణి ఎలాగైనా ఇంకో ఇంటికి పంపేద్దామని చూసే మరుదులు, బావగార్లు ఆ కాగితాల్లో కనిపిస్తారు. తోరణం మీద "శీలం" ఒకటే చెక్కారు, కోర్టు కాగితంలో పొలం గొడవ దొరుకుతుంది. రెండూ ఒకే కాలానివి. రెండూ నీ పేజీలో పక్కపక్కనే ఉండాలి.

కవయిత్రి లీ చింగ్‌జావ్ సంగతి కూడా ఇక్కడే చేర్చు, రెండు పేరాలు చాలు. 1129లో మొదటి భర్త పోయాడు. తర్వాత చేసుకున్నవాడు మోసగాడని తేలితే ఆవిడే అతని మీద ఫిర్యాదు చేసి విడిపోయింది. భర్త మీద ఫిర్యాదు చేసిన భార్యకి, ఆరోపణ నిజమే అయినా, ఆనాటి చట్టం ప్రకారం జైలు. తొమ్మిది రోజులుండి బయటపడింది. కొన్ని శతాబ్దాల తర్వాత చింగ్ కాలపు పండితులు, అంత గొప్ప కవయిత్రి మారుమనువు చేసుకుని ఉండదు, ఇదంతా గిట్టనివాళ్ళ కల్పన అని గట్టిగా వాదించారు. ఆవిడ పరువు కాపాడాలని ఆవిడ బతుకులోంచి ఒక మొగుణ్ణి తీసేశారన్నమాట!

ఇక నువ్వు అసలు ముట్టుకోనిదీ, నా దృష్టిలో నీ వ్యాసానికి గుండెకాయ కావలసినదీ నింగ్ లావ్ తైతై కథ. 1867లో షాన్‌డాంగ్‌లోని పెంగ్‌లాయ్‌లో పుట్టింది. చితికిన కుటుంబం. పదిహేనేళ్ళకి పెళ్ళి, మొగుడు నల్లమందుకి బానిస. ఇంట్లో అమ్మగలిగినవన్నీ అమ్మి, చివరికి కూతుర్ని అమ్మేశాడు. ఆవిడ వెతుక్కుంటూ పోయి తిరిగి తెచ్చుకుంది. మళ్ళీ అమ్మాడు. మర్యాదస్తుల ఆడది వీధిలోకి రాకూడదన్న ఊళ్ళో అవే కట్టిన పాదాలతో వీధినపడి అడుక్కుంది. తర్వాత అధికారుల ఇళ్ళల్లో, ముస్లింల ఇళ్ళల్లో, మిషనరీల ఇళ్ళల్లో పనిమనిషిగా చేసింది. మనవరాలు చదువుకోవడం చూసింది. చదవడం రాని ఆ ముసలావిడ 1930లలో బీజింగ్‌లో ఇదంతా చెబుతుంటే ఐడా ప్రూయిట్ రాసుకుంది, 1945లో పుస్తకమైంది. ప్రూయిట్ మిషనరీల కూతురు, పెరిగింది షాన్‌డాంగ్‌లోనే, ఆస్పత్రిలో సామాజిక సేవా విభాగం నడిపింది. కాబట్టి వినేటప్పుడు ఏది అడిగింది, ఏది వదిలేసింది అన్న అనుమానం నీకు ఉండాల్సిందే. అయినా సరే, ఎదుటివాళ్ళ జాలి కోసం ఆగకుండా తన లెక్కలు తను చూసుకునే గొంతు అది. నీ మొదటి పేరాలో ఆవిణ్ణి కూర్చోబెట్టు.

విప్లవం తర్వాతి కాలానికి చరిత్రకారిణి గెయిల్ హెర్షాటర్ దగ్గరికి వెళ్ళు. గావ్ షియావోషియెన్‌తో కలిసి షాన్‌షీ పల్లెల్లో 72 మంది పెద్దవాళ్ళ జ్ఞాపకాలు సేకరించి 2011లో పుస్తకం తెచ్చింది. అందులో నన్ను కట్టిపడేసింది కాలం లెక్క. ప్రభుత్వ చరిత్రలో ఏళ్ళకి ఉద్యమాల పేర్లుంటాయి. ఈ ఆడవాళ్ళు ఫలానా పిల్లాడు పుట్టిన ఏడు అని చెబుతారు. పగలు సమష్టి పొలంలో పత్తి పని. రాత్రి పిల్లలు పడుకున్నాక దీపం ముందు బట్టలు, చెప్పులు కుట్టడం. పొలం పనికి వర్క్ పాయింట్లు (ఎవరి వాటా ఎంతో తేల్చే మార్కులు) వేశారు, అదీ మగవాళ్ళకంటే తక్కువ. రాత్రి పనికి లెక్కే లేదు. 1950 వివాహ చట్టం గురించి నువ్వు రాసిన పేజీ తప్పు కాదు, కానీ దాని పక్కన ఈ దీపం లేకపోతే అది కరపత్రం అవుతుంది. మన దగ్గర స్త్రీ శక్తి సంఘటన వాళ్ళు తెలంగాణ సాయుధ పోరాటంలోని ఆడవాళ్ళతో మాట్లాడి తెచ్చిన 'మనకు తెలియని మన చరిత్ర' నీ అలమరాలో ఉందన్నావు కదా. హెర్షాటర్ చదివే ముందు అది ఇంకోసారి తిరగెయ్, ప్రశ్న ఎలా వేశారో చూసుకుంటూ.

హునాన్‌లోని జియాంగ్‌యోంగ్ ఆడవాళ్ళ లిపి నూషు మీద నాలుగు పేజీలు రాశావు. ఒక్క పేజీ చాలు. "మగవాళ్ళకి తెలియని రహస్య లిపి" అనడం టూరిజం బ్రోచర్ మాట. ఆ పాటలు గొంతెత్తి పాడుకునేవారు, ఇంట్లో మగవాళ్ళకి వినబడేవి, వాళ్ళు పట్టించుకోలేదంతే. మిగిలిన చోటులో మింగ్ (1368–1644), చింగ్ కాలాల కవయిత్రుల్ని పెట్టు. హూ వెన్‌కై అనే ఆయన పాత కాలపు రచయిత్రుల జాబితా తయారుచేస్తే నాలుగు వేలకు పైగా పేర్లు తేలాయి. మెక్‌గిల్ విశ్వవిద్యాలయం వాళ్ళు ఆ పుస్తకాల్లో కొన్నింటిని డిజిటల్‌గా అందుబాటులో ఉంచారు. చైనీస్ రాదని టెన్షన్ పడకు, ఇంగ్లీషు అనువాదాల మీద ఆధారపడ్డానని మొదటి పేజీలోనే రాసెయ్.

మూడో భాగంలో ఒక్క మాట. షాంఘై బట్టల మిల్లుల్లో పనిచేసిన ఆడవాళ్ళందరినీ "ఒక్క చెయ్యిగా" నిలబెట్టావు. చరిత్రకారిణి ఎమిలీ హోనిగ్ 1986లోనే దీని మీద రాసింది. సూబే (జియాంగ్సు రాష్ట్రపు ఉత్తర భాగం) నుంచి వచ్చినవాళ్ళకి బరువు పని, మురికి పని. జియాంగ్‌నాన్ (యాంగ్జీ నదికి దక్షిణం) నుంచి వచ్చినవాళ్ళు సూబే వాళ్ళని చిన్నచూపు చూసేవారు. ఎవరి ఊరివాళ్ళతో వాళ్ళే అక్కాచెల్లెళ్ళని ప్రమాణాలు చేసుకుని కలిసి నడిచేవారు. ముందు ఆ పుస్తకం చదివి, ఈ భాగం తిరగరాసి పంపు. మిగతా రెండు భాగాల గురించి తర్వాత మాట్లాడుకుందాం.

ఆశీస్సులతో,
మీ మేడమ్