యుద్ధవిమానం దిగి రాయబారి కుర్చీలోకి: పాఠకుల ప్రశ్నలు, జవాబులు

ప్రశ్న: ఎయిర్ చీఫ్ మార్షల్ ఇద్రీస్ హసన్ లతీఫ్ మన హైదరాబాదీయే కదా. యుద్ధ విమానాలు నడిపిన మనిషిని ఫ్రాన్స్‌కు రాయబారిగా ఎలా పంపారు? దానికి ఐఎఫ్‌ఎస్ (విదేశాంగ సర్వీసు) పాసవ్వాలి కదా?
– ఒక పాఠకుడు, ఖమ్మం

జవాబు: అక్కర్లేదు. రాయబారుల్లో ఎక్కువమంది ఐఎఫ్‌ఎస్ అధికారులే అయినా, బయటివారిని నియమించే అధికారం ప్రభుత్వానికి ఉంది. ఎయిర్ చీఫ్‌లను, అంటే వైమానిక దళాధిపతులను ఇలా పంపడం లతీఫ్‌తో మొదలైందీ కాదు. అర్జన్ సింగ్ 1971లో స్విట్జర్లాండ్‌కు రాయబారిగా, 1974లో కెన్యాకు హైకమిషనర్‌గా (కామన్వెల్త్ దేశాల్లో రాయబారినే అలా అంటారు) వెళ్లారు. లతీఫ్ తర్వాత చీఫ్ అయిన దిల్‌బాగ్ సింగ్ బ్రెజిల్ వెళ్లారు.

లతీఫ్ 1923లో హైదరాబాద్‌లో పుట్టారు, నిజాం కాలేజీలో చదివారు, 1942లో వైమానిక దళంలో చేరారు. మొదట్లో కరాచీ నుంచి పాతకాలపు రెండు రెక్కల విమానాల్లో అరేబియా సముద్రం మీద జలాంతర్గాముల కోసం గస్తీ తిరిగారు. తర్వాత బర్మా యుద్ధంలో హరికేన్ యుద్ధవిమానం నడిపారు. దేశ విభజనప్పుడు పాకిస్తాన్‌కు వెళ్లే వీలున్నా ఇక్కడే ఉండిపోయారు.

అయితే ఆయన్ను రాయబారి పనికి తయారుచేసింది కాక్‌పిట్ ఒక్కటే అనుకుంటే పొరపాటు. మధ్యలో ఇండోనేషియాలో, అమెరికాలో మన రాయబార కార్యాలయాల్లో ఎయిర్ అటాషేగా, అంటే అక్కడ ఉండే వైమానిక దళ అధికారిగా పనిచేశారు. 1971 యుద్ధం నాటికి ఢిల్లీలో ప్రణాళికల విభాగం చూస్తున్నారు. 1978 నుంచి 1981 దాకా చీఫ్‌గా ఉన్నారు. బ్రిటన్ నుంచి కొన్న జాగ్వార్ యుద్ధవిమానాలు అంబాలా వైమానిక స్థావరానికి రావడం మొదలైంది ఆ కాలంలోనే, 1979 జులైలో. కొనుగోలు చర్చల్లో ధర ఒక్కటే తేలితే చాలదు. విడిభాగాలెవరిస్తారు, ఇక్కడే తయారీకి ఒప్పుకుంటారా అన్నవీ తేలాలి. విదేశాలతో బేరం ఎలా సాగుతుందో తెలిసొచ్చేది అక్కడే. 1982 నుంచి మహారాష్ట్ర గవర్నర్. 1985 నుంచి 1988 దాకా పారిస్‌లో రాయబారి. మన మొదటి మిరాజ్ 2000 యుద్ధవిమానాలు ఫ్రాన్స్ నుంచి గ్వాలియర్ చేరిందీ 1985లోనే. అలాంటి రోజుల్లో అక్కడ విమానాల సంగతి తెలిసిన రాయబారి ఉండటం మంచి ఎంపికేనని మా అభిప్రాయం.

ప్రశ్న: ఎయిర్ అటాషే, రాయబారి ఒకటేనా? అవతలి దేశం వద్దంటే?
– ఒక పాఠకురాలు, కాకినాడ

జవాబు: కాదు. అటాషే సర్వీసులో ఉన్న అధికారి, పనిచేసేది రాయబారి కిందే. రాయబారి దేశాధినేతకు ప్రతినిధి. 1961 వియన్నా ఒప్పందం ప్రకారం రాయబారి పేరుకు అవతలి దేశం ముందే ఒప్పుకోవాలి. కాదంటే కారణం చెప్పనక్కర్లేదు. అందుకే ఆ ఒప్పుదల వచ్చేదాకా పేరు బయటపెట్టరు. ఒప్పుకున్నాక వెళ్లి అధికార పత్రాలు సమర్పించాలి. సైనిక అటాషేల పేర్లను కూడా ముందుగా పంపమని ఆ దేశం అడగొచ్చు.

ప్రశ్న: మా అబ్బాయి వైమానిక దళంలో షార్ట్ సర్వీస్ కమిషన్‌ (కొన్నేళ్ల గడువుకే ఉండే ఉద్యోగం) మీద పైలట్. అది పూర్తయ్యాక సివిల్స్ రాసి ఐఎఫ్‌ఎస్‌కు వెళ్లగలడా?
– ఒక తండ్రి, కర్నూలు

జవాబు: వెళ్లొచ్చు గానీ వయసు లెక్క ముందే వేసుకోండి. సివిల్స్‌కు జనరల్ అభ్యర్థికి పరీక్ష ఏడాది ఆగస్టు 1 నాటికి 32 ఏళ్లు నిండకూడదు. కనీసం అయిదేళ్లు సైన్యంలో చేసి విడుదలైన షార్ట్ సర్వీస్ అధికారికి మరో అయిదేళ్లు సడలింపు, అంటే 37. చిక్కు ఎక్కడంటే, ఫ్లయింగ్ బ్రాంచిలో షార్ట్ సర్వీస్ 14 ఏళ్లు. కోర్సులో చేరే వయసు 20 నుంచి 24. శిక్షణకు ఏడాది పైనే. ఇరవై, ఇరవై ఒకటికి చేరినవారికి ఒకటి రెండు ప్రయత్నాలు దక్కుతాయి. 24కి చేరితే విడుదలయ్యేసరికి 39. తలుపు మూసేసినట్టే. ఓబీసీలకు మరో మూడేళ్లు, ఎస్సీ, ఎస్టీలకు మరో అయిదేళ్లు కలుస్తాయి కాబట్టి వారికి కొంత నయం.

ఆగస్టు 1 నుంచి ఏడాది లోపు సర్వీసు పూర్తయ్యేవారు కూడా ఈ సడలింపుతో దరఖాస్తు చేయొచ్చు. గడువు కాకుండా మధ్యలో సొంతంగా రాజీనామా చేస్తే ఈ సడలింపు వస్తుందని మాత్రం లెక్కపెట్టుకోవద్దు.