నైట్రస్ ఆక్సైడ్ తనంతట తాను మండదు కదా, మరి ఇంజిన్‌కి అంత ఊపు ఎలా ఇస్తుంది? భీమవరం మే ఎండల్లో బైక్‌కి పెట్టుకోవచ్చా?

మండేది పెట్రోలే. నైట్రస్ దానికి ఆక్సిజన్ అందిస్తుంది, అంతే. బరువు లెక్కన గాలిలో ఆక్సిజన్ 23 శాతం, ఇందులో 36 శాతం. ఇంజిన్ వేడికి అది నైట్రోజన్, ఆక్సిజన్‌గా విడిపోతూ తన వంతు వేడినీ వదులుతుంది. పైగా సిలిండర్‌లో ద్రవంగా ఉండే నైట్రస్ బయటికొచ్చి ఆవిరయ్యేటప్పుడు లోపలికెళ్లే గాలి చల్లబడి చిక్కనవుతుంది. దానికి తగ్గట్టు పెట్రోలు పెంచకుండా గ్యాస్ ఒక్కటే వదిలితే మాత్రం పిస్టన్ కరిగిపోవచ్చు.

నైట్రస్‌ను రాకెట్లలోనూ వాడతారు. అక్కడ ఇంకో సుఖం ఉంది: దాన్ని ఇంజిన్‌లోకి తోయడానికి పంపు అక్కర్లేదు. 20 డిగ్రీల దగ్గర దాని సొంత ఒత్తిడే దాదాపు 50 బార్లు, అంటే మన చుట్టూ ఉన్న గాలి ఒత్తిడికి 50 రెట్లు. 2004లో స్పేస్‌షిప్‌వన్ అనే ప్రైవేటు రాకెట్ విమానం రబ్బరును నైట్రస్‌తో మండించే 100 కిలోమీటర్ల ఎత్తు దాటింది.

చిక్కల్లా మన ఎండతోనే. 36.4 డిగ్రీలు దాటితే నైట్రస్ ఎంత ఒత్తిడిలోనూ ద్రవంగా నిలవదు. మేలో మన డెల్టాలో నీడలోనే 40 దాటుతుంది, ఇక చెరువు గట్టు మీద ఎండలో నిలిపిన బండి సంగతి చెప్పాలా? నిండా పట్టించిన సిలిండర్‌లో ఒత్తిడి గబగబా ఎగబాకి సేఫ్టీ డిస్క్ (ఒత్తిడి మితిమీరితే పగిలి గ్యాస్‌ను బయటికి వదిలే రేకు) పగలొచ్చు. అసలు 2007లో అమెరికాలోని మొహావీలో రాకెట్ కోసం చేసిన నైట్రస్ పరీక్షలో, మంట వెలిగించకుండానే ట్యాంకు పేలి ముగ్గురు చనిపోయారు. మామూలు రోడ్డు బైక్‌కి ఇది వద్దనే నా మాట.