మనుషులు లేని దీవులకు ఎవరి పేర్లు పెట్టారు?

ప్రశ్న: రష్యా మ్యాపులో సైబీరియాకి పైన, మంచు సముద్రంలో ‘డి లాంగ్ దీవులు’ కనిపించాయి. జానెట్, హెన్రియెట్టా, బెన్నెట్ అట. రష్యా దీవులకి ఈ ఇంగ్లీషు పేర్లేంటి? ఎవరూ ఉండని చోటికి అసలు పేరెందుకు?
– ఒక పాఠకురాలు

జవాబు: డబ్బు పెట్టినాయన ఇంటివాళ్ల పేర్లండీ అవి. న్యూయార్క్ హెరాల్డ్ పత్రిక యజమాని బెన్నెట్ ఒక ఓడ కొని, దానికి చెల్లెలు జానెట్ పేరు పెట్టి, ఉత్తర ధ్రువం చేరమని అమెరికా నౌకాదళ అధికారి డి లాంగ్ చేతికిచ్చాడు. 1879 జులైలో శాన్‌ఫ్రాన్సిస్కోలో బయల్దేరిన ఆ ఓడ సెప్టెంబరుకల్లా మంచులో ఇరుక్కుపోయింది, ఇక మంచు ఎటు కదిలితే అటే. 1881 మే 16న, మంచులో ఓడకి దారి చూపే డన్‌బార్ అనే పైలట్‌కి నేల కనబడింది. దానికి ఓడ పేరు, ఆ తర్వాతి దీవికి బెన్నెట్ తల్లి పేరు హెన్రియెట్టా, జూన్ 13న ఓడ మునిగాక పడవలు మంచు మీద ఈడ్చుకుంటూ జులై చివర్లో చేరుకున్న దీవికి బెన్నెట్ పేరే పెట్టారు.

నాకు మనసు పట్టేది డన్‌బార్ దగ్గర. హెన్రియెట్టాకి మంచు మీద బండి లాక్కుంటూ వెళ్లిన ఆరుగురిలో ఆయనా ఉన్నాడు, ఆ తెల్లటి వెలుగుకి కళ్లు కనబడకుండా పోయి, దారి చూపాల్సిన మనిషినే బండి మీద వేసుకుని లాగాల్సి వచ్చింది. తర్వాత ఆయన ఎక్కిన పడవ తుపానులో గల్లంతైంది. మొత్తం 33 మందిలో బతికింది 13 మందే, డి లాంగ్ కూడా సైబీరియాలోని లేనా నది డెల్టాలో ఆకలికీ చలికీ చనిపోయాడు. దీవుల గుంపు మొత్తానికీ డి లాంగ్ పేరు దక్కింది గానీ, అన్నిటికంటే ముందు నేలని చూసిన డన్‌బార్ పేరు ఈ ఐదు దీవుల్లో ఒక్కదానికీ లేదు, ఇది అన్యాయమే.

పేరెందుకంటే, ముందు పేరు పెట్టినవాళ్లు ‘ఇది మాది’ అనుకోవడానికి. హెన్రియెట్టా మీద అమెరికా జెండా కూడా పాతారు, అయినా చివరికి అవి రష్యావే అయ్యాయి. మిగతా రెండు దీవుల్ని 1913, 1914లలో రష్యన్లే కనుక్కున్నారు. అందులో ఒకదానికి నొవొపషెన్నీ అనే కెప్టెన్ పేరు పెట్టారు, రష్యా విప్లవంలో ఆయన కమ్యూనిస్టులకి అవతలి పక్షాన నిలిచాడని 1926లో సోవియట్ ప్రభుత్వం ఆ పేరు తీసేసి, అదే యాత్రలో చనిపోయిన జోఖొవ్ అనే లెఫ్టినెంట్ పేరు పెట్టింది.

ఎవరూ ఉండని చోటు అన్నారు కదా, ఇప్పుడైతే నిజమే. కానీ ఈ జోఖొవ్ మీదే దాదాపు 9000 ఏళ్ల కిందట మనుషులు కాపురం ఉన్నారు. అప్పట్లో సముద్రం ఇంకా ఇంత పైకి రాలేదు, ఇప్పటి దీవి అప్పుడు మైదానంలో కొండ. వాళ్లు వేటాడిన ధ్రువపు ఎలుగుల ఎముకలూ, కుక్కల ఎముకలూ, కుక్కలు లాగిన బండ్ల చెక్కలూ తవ్వకాల్లో బయటపడ్డాయి.