రష్యాలో 1992లో ప్రతి ఒక్కరికీ ప్రభుత్వ ఆస్తి వోచర్లు పంచారు కదా, మరి ఆస్తంతా కొద్దిమంది చేతుల్లోకి ఎలా పోయింది?

ముందు ఒక చిక్కుముడి విప్పాలి. ఈ ప్రశ్నలో రెండు వేర్వేరు సంగతులు కలిసిపోయాయి. 1992-94 నాటి వోచర్లు, అంటే ప్రభుత్వ సంస్థల షేర్లుగా మార్చుకునే కాగితాలు, ఎక్కువగా ఫ్యాక్టరీ డైరెక్టర్లను యజమానుల్ని చేశాయి. చమురు, నికెల్ కంపెనీలు బ్యాంకర్ల పాలబడింది 1995 చివర్లో జరిగిన ఇంకో వ్యవహారంలో. అప్పటికి వోచర్ల కథ ముగిసి ఏడాది దాటింది.

వోచర్ల కన్నా ముందు ధరల సంగతి చూడాలి. ఆర్థిక సంస్కరణలు నడిపిన మంత్రి యెగోర్ గైదార్ బృందం 1992 జనవరి 2న చాలా సరుకుల ధరల మీద అదుపు ఎత్తేసింది. ఆ ఒక్క ఏడాదిలోనే ధరలు సుమారు 26 రెట్లయ్యాయి. సోవియట్ కాలంలో కొనడానికి సరుకు దొరక్క జనం ప్రభుత్వ పొదుపు బ్యాంకు స్బెర్‌బ్యాంక్‌లో దాచుకున్న డబ్బంతా అందులో ఆవిరైపోయింది. అంటే షేర్లు అమ్మకానికి వచ్చేసరికి కొనగలిగే సొమ్ము మామూలు కుటుంబాల దగ్గర లేదు. దుకాణాలు, లారీలు, చిన్న వర్క్‌షాపులు ముందు జనానికి అమ్మి, ఆ దాచుకున్న డబ్బును అటు లాగి, ఆ తర్వాత ధరలు వదిలి ఉంటే కథ కొంత వేరుగా ఉండేదని నా అభిప్రాయం. అప్పట్లో దుకాణాల అరలు ఖాళీగా ఉన్నాయి కాబట్టి ఆగే ఓపిక ప్రభుత్వానికి లేకపోయిందన్నదీ నిజమే.

ఇక వోచర్. 1992 అక్టోబర్ నుంచి స్బెర్‌బ్యాంక్ శాఖల్లో 25 రూబుళ్ల రుసుము కట్టి తీసుకోవాలి. పసిపిల్లలతో సహా మనిషికొకటి, ముఖవిలువ 10,000 రూబుళ్లు. అప్పటి మారకంలో అది సుమారు 25 డాలర్లు. దాదాపు 15 కోట్ల వోచర్లు సిద్ధం చేశారు. ఒక వోచర్ విలువ ముందుముందు రెండు వోల్గా కార్లంత అవుతుందని ఈ పథకం నడిపిన అనతోలీ చుబైస్ అన్న మాటను రష్యన్లు ఈనాటికీ ఎత్తిపొడుస్తారు. దాని మీద పేరు ఉండదు, ఎవరి చేతిలో ఉంటే వాళ్లదే, అమ్ముకోవచ్చు. అందుకే మెట్రో స్టేషన్ల దగ్గర ‘వోచర్ కొంటాను’ అని అట్టముక్క మెడలో వేసుకుని నిలబడ్డవాళ్లు పుట్టుకొచ్చారు. 1993 తొలి నెలల్లో ఒక్కోటి 4,000 రూబుళ్ల దాకా పడిపోయింది. నెల గడవనివాళ్లు అమ్ముకున్నారంటే అది తెలివితక్కువతనం కాదు.

అయినా అసలు పంపకం వేలం మొదలవకముందే సగం అయిపోయింది. ప్రతి ఫ్యాక్టరీలో కార్మికుల సభ పెట్టి మూడు పద్ధతుల్లో ఒకటి ఎంచుకోమన్నారు. మొదటి దాంట్లో 25 శాతం షేర్లు కార్మికులకు ఉచితం, కానీ వాటికి ఓటు లేదు. రెండోదాంట్లో 51 శాతం ఓటు షేర్లను పుస్తక విలువకు (సంస్థ ఖాతాల్లో రాసుకున్న ఆస్తి విలువకు) 1.7 రెట్లు కట్టి సిబ్బంది కొనుక్కోవచ్చు, అందులో సగం దాకా వోచర్లతోనే కట్టొచ్చు. మూడోది ఎవరూ పెద్దగా తీసుకోలేదు. నాలుగింట మూడొంతుల సంస్థలు రెండోదే ఎంచుకున్నాయి. 1.7 రెట్లు అంటే ఎక్కువే అనిపిస్తుంది కానీ, ఆ పుస్తక విలువ పాత సోవియట్ ధరల్లో రాసుకున్నది. 26 రెట్లు పెరిగిన ధరల ముందు అది దాదాపు ఊరికే ఇచ్చినట్టు. 1994 నాటికి సగటున మూడింట రెండొంతుల వాటా లోపలివాళ్ల దగ్గరే, అంటే కార్మికులు, డైరెక్టర్ల దగ్గరే ఉంది.

మిగిలిన వాటాలో పెద్ద భాగం, సాధారణంగా 29 శాతం, వోచర్ వేలానికి వచ్చేది. తొలి పెద్ద వేలం 1992 డిసెంబర్‌లో, మాస్కోలోని బోల్షెవిక్ బిస్కెట్ ఫ్యాక్టరీది. ఈ వేలం లెక్క మన ఊళ్లో పాటలాంటిది కాదు, పెట్టిన షేర్లను వచ్చిన వోచర్లకి పంచేస్తారు. ఉదాహరణకి 29,000 షేర్లు పెట్టారనుకోండి. 5,800 వోచర్లు వస్తే ఒక్కో వోచర్‌కి 5 షేర్లు. 29,000 వోచర్లు వస్తే ఒక్కోటే. దరఖాస్తు రెండు రకాలు: ‘ఎన్ని వస్తే అన్నే’ అనేది ఒకటి, ‘వోచర్‌కి కనీసం ఇన్ని షేర్లు వస్తేనే, లేకపోతే నా వోచర్ నాకిచ్చెయ్యండి’ అనేది రెండోది. మామూలు జనం మొదటిది నింపేవాళ్లు. లెక్క తెలిసినవాళ్లు రెండోది వాడేవాళ్లు.

కిటుకు ఎక్కడుందో చూశారా? ఇక్కడ ధర తేలేది రూబుళ్లలో కాదు, ఎంతమంది వచ్చారన్న దాంట్లో. వేలం సంగతి ఎంత తక్కువమందికి తెలిస్తే లోపలివాళ్లకి అంత చవక. ప్రకటన చిన్న పత్రికలో వేయించినా, దరఖాస్తులు తీసుకునే చోటు ఊరికి దూరంగా పెట్టినా చాలు. గ్యాస్ కంపెనీ గాజ్‌ప్రోమ్ షేర్లకైతే ప్రాంతానికొక లెక్క. పెర్మ్ ప్రాంతంలో ఒక్క వోచర్‌కి వేలల్లో వస్తే, మాస్కోలో పదుల్లో వచ్చాయి.

నన్నడిగితే అందరూ దాటేసే అసలు లోపం షేర్‌హోల్డర్ల రిజిస్టర్. మన దగ్గర 1996లో షేర్లను కంప్యూటర్ ఖాతాల్లో ఉంచే ఎన్‌ఎస్‌డీఎల్ రాకముందు షేర్లు కొన్నవాళ్లకి కాగితం సర్టిఫికెట్, ట్రాన్స్‌ఫర్ డీడ్, సంతకం కలవలేదని ‘బ్యాడ్ డెలివరీ’ కింద వెనక్కి రావడం గుర్తుండే ఉంటుంది. మన చేతిలో కనీసం ఆ కాగితమైనా ఉండేది. రష్యాలో చాలా కంపెనీల్లో అదీ లేదు. రిజిస్టర్‌లో పేరుంటేనే మీరు వాటాదారు, ఆ రిజిస్టర్ ఉండేది డైరెక్టర్ ఆఫీసులో. 1994లో క్రాస్నయార్స్క్ అల్యూమినియం కంపెనీ తనకు గిట్టని ఒక బయటి వాటాదారు పేరును రిజిస్టర్ నుంచి కొట్టేసింది. వెయ్యి మందికి మించి వాటాదారులుంటే బయటి రిజిస్ట్రార్ దగ్గర పెట్టాలని 1993లోనే ఆదేశం ఉంది. కానీ ఆ రిజిస్ట్రార్ సంస్థను డైరెక్టరే పెట్టించుకుంటే ఆపేవాళ్లెవరు? గాజ్‌ప్రోమ్‌లో అయితే షేరు అమ్మాలంటే ముందు కంపెనీకే చూపించాలన్న షరతు ఉండేది.

వోచర్‌ని ఏం చేయాలో తెలియక, జనం వోచర్లు పోగుచేసి కంపెనీల షేర్లు కొనే ఫండ్లలో వేసినవాళ్లు కోట్లమంది. ఇలాంటి ఫండ్లు 600 పైగా లేచాయి. ఏ కంపెనీలోనూ పరిమితికి మించి షేర్లు కొనకూడదన్న నిబంధన వల్ల వాటికి యాజమాన్యం మీద పట్టు రాలేదు. కంపెనీలు డివిడెండ్ ఇవ్వలేదు, ఇచ్చిన కాస్తకీ రెండుసార్లు పన్ను. ఉన్నదున్నట్టు నడిచినవి కూడా చిక్కిపోయాయి, మోసానికే పెట్టినవి వోచర్లతో మాయమయ్యాయి.

ఇక 1995. బడ్జెట్‌కి డబ్బు లేదు, ఎన్నికలు ముంచుకొస్తున్నాయి. ప్రభుత్వం పెద్ద కంపెనీల షేర్లు బ్యాంకుల దగ్గర తాకట్టు పెట్టి అప్పు తీసుకుంది. 1996 సెప్టెంబర్‌లోగా తీర్చకపోతే బ్యాంకు ఆ షేర్లు అమ్ముకోవచ్చు. తీర్చే ఉద్దేశం ఎవరికీ లేదు. నోరిల్స్క్ నికెల్‌లో 38 శాతానికి మొదటి ధర 17 కోట్ల డాలర్లు. వేలం నడిపిన ఒనెక్సిమ్ బ్యాంకే 17.01 కోట్లకి దక్కించుకుంది. 35.5 కోట్లు ఇస్తామన్న పోటీదారును బ్యాంకు గ్యారంటీ సరిపోలేదని పక్కన పెట్టారు. చమురు కంపెనీ యూకోస్‌లో 45 శాతం 15.9 కోట్లకి మెనాటెప్ బ్యాంకు వర్గానికి పోయింది. ఇందులో వోచర్ ఊసే లేదు.

చెకోస్లోవేకియా కూడా 1992లో ఇలాగే కూపన్లు పంచింది. చెక్ దేశంలో షేర్ల లెక్క కంప్యూటర్లో, ఒకేచోట పెట్టారు కాబట్టి పేర్లు కొట్టేసే బెడద లేదు. అక్కడ జబ్బు వేరు: ఫండ్లు నడిపేవాళ్లు కంపెనీ డబ్బును తమ సొంత సంస్థలకు తరలించేవాళ్లు. దాన్ని వాళ్లు ‘సొరంగం తవ్వడం’ అంటారు. పోలండ్ తొందరపడకుండా 1995లో 512 కంపెనీలను 15 ఫండ్ల కింద పెట్టి, 20 జ్లోటీలకి సర్టిఫికెట్ ఇచ్చింది.

‘మరి అమ్ముకోకుండా ఉంచుకున్నవాళ్లు బాగుపడ్డారా’ అంటే, ఎక్కడ పెట్టారన్న దాన్ని బట్టి. పెర్మ్‌లో గాజ్‌ప్రోమ్ షేర్లు తీసుకుని ఏళ్ల తరబడి కదపనివాళ్లకి నిజంగానే కలిసొచ్చింది. సొంత ఫ్యాక్టరీలో పెట్టినవాళ్లు జీతాలు నెలల కొద్దీ ఆగిపోయినప్పుడు ఆ షేర్లను అదే డైరెక్టర్‌కి అమ్ముకున్నారు. దేనిలోనూ పెట్టకుండా బీరువాలో దాచినవాళ్ల వోచర్లు 1994 జూన్ చివరితో చెల్లకుండా పోయాయి. ఇప్పుడవి పాత నోట్లు సేకరించేవాళ్ల దగ్గర దొరుకుతాయి.