వ్యాపార లెక్కల గొడవకు రోజూ స్టేషన్‌కి రమ్మంటున్నారు. కోర్టుకు వెళ్తే ఆగుతుందా?

పార్టనర్‌తో లెక్కలు తేలక విడిపోయారని, అతను పోలీసులతో రోజూ ఫోన్లు చేయిస్తున్నాడని, కోర్టుకు వెళ్తే ఇది ఆగుతుందా అని అడిగారు. నాకైతే ఆగింది. డబ్బు లెక్క మాత్రం ఇంకా తేలలేదు. ఈ రెండూ వేరువేరు కేసులని నాకు ఆలస్యంగా అర్థమైంది.

నేనూ, మా తోడల్లుడి తమ్ముడూ కలిసి సెంట్రింగ్ సామాను అద్దెకిచ్చేవాళ్లం. విడిపోయేటప్పుడు నేను ఇవ్వాల్సింది 4 లక్షలని నా లెక్క, 11 లక్షలని అతని లెక్క. అతను స్టేషన్‌లో పిటిషన్ పెట్టాడు. ఎఫ్ఐఆర్ లేదు, నోటీసు లేదు, "ఒకసారి వచ్చి వెళ్లండి" అని ఫోనే. వెళ్తే సాయంత్రం దాకా బెంచీ మీద కూర్చోబెట్టి రేపు రమ్మనేవారు. మూడో రోజు, ఇంట్లోవాళ్లు భయపడుతున్నారని, 11 లక్షలు ఇస్తానని రాసిచ్చి, రెండు ఖాళీ చెక్కులు కూడా వాళ్ల చేతిలో పెట్టి వచ్చాను. నేను చేసిన పెద్ద తప్పు అదే. మీరు ఇంకా దేనిమీదా సంతకం పెట్టకపోతే, దయచేసి పెట్టకండి.

లాయర్ గారు ముందు ఆ కాగితం ఎలా రాయించుకున్నారో చెబుతూ, చెక్కులు వాపసు అడుగుతూ పార్టనర్‌కి నోటీసు పంపారు. ఎస్పీ ఆఫీసులో ఫిర్యాదు ఇప్పించి రసీదు తీసుకోమన్నారు. ఆ తర్వాత అమరావతిలోని హైకోర్టులో రాజ్యాంగం 226 ఆర్టికల్ కింద రిట్ (పోలీసుల్లాంటి ప్రభుత్వ అధికారులను ఆపమని అడిగే పిటిషన్) వేశారు. "వేధిస్తున్నారు" అని రాస్తే చాలదట. ఏ తేదీన, ఎన్నింటికి, ఏ నంబర్ నుంచి ఫోన్ వచ్చిందో, ఎంతసేపు కూర్చోబెట్టారో అన్నీ రాయించారు. ఆ రోజుల స్టేషన్ సీసీ కెమెరా రికార్డింగ్ భద్రపరచమని కూడా అడిగాం.

మొదటి రోజు వాదన ఐదు నిమిషాలు కూడా సాగలేదు. ప్రభుత్వ ప్లీడర్ గారు స్టేషన్ నుంచి వివరాలు తెప్పించుకుంటానని వాయిదా తీసుకున్నారు. ఆ సాయంత్రం నుంచే ఫోన్లు బంద్! తర్వాతి వాయిదాలో, అసలు సివిల్ తగాదాలో పోలీసులు జోక్యమే చేసుకోలేదన్నారు ప్లీడర్ గారు. మరి నేను మూడు రోజులు ఆ బెంచీ మీద ఏం చేశానో! జడ్జి గారు ఆ మాటే రికార్డు చేసి, చట్టప్రకారం తప్ప జోక్యం చేసుకోవద్దని కేసు ముగించారు.

ఆ "చట్టప్రకారం తప్ప" అన్నది గుర్తుంచుకోండి. రేపు చీటింగ్ కేసని ఎఫ్ఐఆర్ కడితే ఈ ఆర్డర్ అడ్డురాదు. అప్పుడు బీఎన్ఎస్ఎస్ (పాత సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన కొత్త క్రిమినల్ ప్రొసీజర్ చట్టం) 35(3) కింద హాజరవమని నోటీసు వస్తే వెళ్లాల్సిందే. అరెస్ట్ భయం ఉంటే అదే చట్టం 482 కింద ముందస్తు బెయిల్ అడగాలి. పాత చట్టంలో 482 అంటే కేసు కొట్టేయమని అడిగే సెక్షన్, ఇప్పుడది 528 అయింది. నంబర్లు మారి లాయర్లే తడబడుతున్నారు, మనమెంత?

పార్టనర్ మనుషులు షాపు మీదికొస్తుంటే మాత్రం రిట్ కాదు, కింది కోర్టులో ఇంజంక్షన్ (వాళ్లను రావద్దని ఆపే ఉత్తర్వు) దావా వేయాలి. లెక్కలకు మరో దావా. మా ఫర్మ్ రిజిస్టర్ కాలేదు, కోర్టులో అడుగే పెట్టలేమేమో అనుకుని నేను చాలా టెన్షన్ పడ్డాను. ఫర్మ్ రద్దు చేసి లెక్కలు తేల్చమని అడగడానికి రిజిస్ట్రేషన్ లేకపోయినా ఫర్వాలేదట.

ఆ దావా ఇప్పుడు సాక్ష్యాల దగ్గర ఉంది. రెండు చెక్కులూ ఇంకా అతని దగ్గరే ఉన్నాయి.