బీపీ నార్మల్‌కి వచ్చిందని నాన్న మాత్రలు ఆపేశారు.. ఏం చేయాలి?

ప్రశ్న: మా నాన్నగారి వయసు 62. ఆరేళ్లుగా బీపీకి ఆమ్లోడిపిన్ 5, టెల్మిసార్టాన్ 40, మెటోప్రొలాల్ 50 వాడుతున్నారు. బీపీ నార్మల్‌గా ఉంది కదా అని ఈమధ్య ఎవరికీ చెప్పకుండా మూడూ ఆపేశారు. రెండు వారాలకు తలనొప్పి, గుండెదడ వస్తే ఆస్పత్రిలో చేర్చాం. అప్పుడు బీపీ 210/115. డిశ్చార్జ్ సమ్మరీలో ‘నాన్ కంప్లయన్స్’ అని రాశారు. బీమాకు ఇబ్బంది అవుతుందా? ఆయనతో మాత్రలు ఎలా వేయించాలి?
- ఓ పాఠకురాలు, ఖమ్మం

సమాధానం: ‘నాన్ కంప్లయన్స్’ అంటే మందులు చెప్పినట్టు వాడకపోవడం. ఆ మాట చూసి కంగారు పడకండి. ఆఫీసులో రూల్ పాటించకపోతే మెమో ఇస్తారు, పన్ను రిటర్ను గడువు దాటితే జరిమానా వేస్తారు. కేస్‌షీట్‌లో రాసే ఈ మాటకు శిక్షేమీ ఉండదు. రాసిన మందు రాసినట్టు ఒంట్లోకి వెళ్లలేదని తర్వాత చూసే డాక్టరుకు తెలియాలి, అందుకే రాస్తారు. అది తెలియకపోతే మూడు మందులకూ బీపీ లొంగలేదనుకుని నాలుగోది కలుపుతారు. పేషెంటు భయపడి నాలుగూ ఒకేసారి మొదలుపెడితే బీపీ దబ్బున పడిపోతుంది. తెల్లవారుజామున బాత్రూమ్‌కి లేచి, కళ్లు తిరిగి పడి, తుంటి ఎముక విరగ్గొట్టుకున్నవాళ్లు ఉన్నారు.

కాబట్టి ఆ మాట తీసేయమని ఆస్పత్రిని అడగొద్దు. బీమా క్లెయిములకు తరచూ చిక్కొచ్చేది పాత జబ్బును దాచడం వల్ల. పాలసీ తీసుకున్నప్పుడు ప్రపోజల్ ఫారంలో బీపీ ఉన్నట్టు రాశారో లేదో ముందు అది చూసుకోండి.

ఇక మీ నాన్నగారి సంగతి. బీపీ నార్మల్‌గా ఉన్నది మాత్రల వల్లే. ఇది ఆయనకు ఎంత చెప్పినా నమ్మకపోవడానికి కారణం ఉంది. ఆమ్లోడిపిన్ శరీరంలోంచి చాలా నెమ్మదిగా పోతుంది, సగానికి తగ్గడానికే 30 నుంచి 50 గంటలు పడుతుంది. మానేసిన రెండోరోజు బీపీ చూసుకుంటే బాగానే కనిపిస్తుంది. ‘చూశావా, మందు లేకుండానే బాగుంది’ అనుకుంటారు. అసలు పెరుగుదల వారం, రెండు వారాల్లో మెల్లగా వస్తుంది. మెటోప్రొలాల్ తీరు వేరు. దాన్ని ఉన్నట్టుండి ఆపితే కొద్దిరోజుల్లోనే గుండెదడ, బీపీ ఎగబాకుతాయి. గుండె రక్తనాళాల్లో పూడికలున్నవారికైతే గుండెపోటే రావచ్చు. ఆపాల్సి వస్తే డాక్టరు ఒకటి రెండు వారాల్లో మోతాదు తగ్గిస్తూ ఆపిస్తారు. మీ నాన్నగారి గుండెదడకు ఇదే కారణం అయ్యుండొచ్చు.

ఆయన్ని తిట్టకుండా, ఎందుకు మానేశారో కనుక్కోండి. ‘వేసుకుంటున్నావా నాన్నా?’ అని అడిగితే ఎవరైనా అవుననే అంటారు. ‘ఈ వారంలో ఎన్ని మిస్సయ్యాయి?’ అని అడగండి. కారణాన్ని బట్టే పరిష్కారం. ఆమ్లోడిపిన్‌తో సాయంత్రానికి చీలమండలు వాస్తుంటే డాక్టరు మోతాదు తగ్గించొచ్చు, మందు మార్చొచ్చు. నీరసంగా ఉంటే, నాడి నెమ్మదిస్తే మెటోప్రొలాల్ గురించి ఆలోచించాలి. మాత్రల వల్ల పడక సమస్యలు వచ్చినా మగవాళ్లు ఇంట్లో చెప్పుకోలేరు. డాక్టరుతో ఒంటరిగా మాట్లాడే వీలివ్వండి. ఖర్చే కారణమైతే జన ఔషధి కేంద్రాల్లో ఇవే మందులు తక్కువ ధరకు దొరుకుతాయి, ప్రభుత్వ ప్రాథమిక ఆరోగ్య కేంద్రాల్లో బీపీ మాత్రలు ఉచితంగా ఇస్తారు. మూడు మాత్రలు మింగలేకపోతే రెండు మూడు మందులు కలిపిన ఒకే మాత్ర రాయమని అడగండి. కార్తీక సోమవారం, ఏకాదశి ఉపవాసాలని మానేస్తుంటే, ఈ మాత్రలు గుక్కెడు నీళ్లతో వేసుకోవచ్చని చెప్పండి. మెటోప్రొలాల్‌ను మాత్రం ఉపవాసం విడిచేటప్పుడు ఆహారంతో వేసుకుంటే మేలు. షుగర్ మాత్రలకు ఇది వర్తించదు, తిండి లేకుండా వేసుకుంటే షుగర్ పడిపోవచ్చు.

ఒకపూట మర్చిపోతే ఆరోజే గుర్తొచ్చినప్పుడు వేసుకోవాలి. మర్నాడు గుర్తొస్తే ఆరోజు మాత్ర చాలు, రెండు కలిపి వద్దు. ఇంట్లో మిగిలిన పాత స్ట్రిప్పులు కలిపేయకండి, డిశ్చార్జ్ సమ్మరీలో రాసినవే వాడండి. చెకప్‌కి వెళ్లేటప్పుడు ఖాళీ స్ట్రిప్పులతో సహా అన్నీ తీసుకెళ్లండి. మోకాళ్ల నొప్పులకు షాపులో కొనే డైక్లోఫెనాక్ లాంటివి కూడా చూపించండి, అవి బీపీని పెంచుతాయి.

చెకప్‌కి ముందు వారంరోజులు ఇంట్లో బీపీ రాయండి. టీ తాగి అరగంట దాటాక, ఐదు నిమిషాలు వీపు ఆనించి కూర్చోబెట్టి, చేయి గుండె ఎత్తులో పెట్టి, నిమిషం తేడాతో రెండుసార్లు చూడాలి. పొద్దున మాత్రకు ముందు, మళ్లీ సాయంత్రం. మొదటిరోజు అంకెలు వదిలేసి మిగతావాటి సగటు తీయండి. 135/85 లేదా అంతకు మించితే డాక్టరుకు చెప్పాలి.

బీపీ 180/120 దాటి, ఛాతీనొప్పి, ఆయాసం, మాట తడబడటం, చూపు మసకబారడం, ఒకవైపు చేయి లేదా కాలు పట్టుతప్పడం ఉంటే వెంటనే 108కి ఫోన్ చేయండి. ఇవేవీ లేకుండా అంకె మాత్రమే ఎక్కువుంటే కాసేపు కూర్చోబెట్టి మళ్లీ చూడండి. అప్పటికీ తగ్గకపోతే అదేరోజు డాక్టరుకు ఫోన్ చేయండి. బీపీ తగ్గించే నిఫెడిపిన్ క్యాప్సూల్ చిదిపి నాలుక కింద వేయడం కొన్నిచోట్ల ఇప్పటికీ అలవాటు. ఎవరు చెప్పినా అది చేయకండి. బీపీ హఠాత్తుగా పడిపోయి పక్షవాతం వచ్చే ప్రమాదం ఉంది.